తాళంచెవులు ఆమె చేతిలోనే ఉన్నాయి

‘ఉమ్రావ్ జాన్’ అనగానే ఎవరు గుర్తొస్తారు? రేఖ గుర్తొస్తుంది. ఆశా భోస్లే గొంతు, ఖయ్యాం బాణీలు గుర్తొస్తాయి. ఇంకా గట్టిగా అడిగితే దర్శకుడు ముజఫ్ఫర్ అలీ పేరు చెప్తారు. మరి ఆ కోఠాను నడిపింది ఎవరు? ఎత్తుకొచ్చిన పసిపిల్లను బేరమాడి కొన్నది, ఆ పిల్లకు పాటా మాటా నేర్పించింది, లక్నో నవాబులను గుమ్మం దగ్గరే కొలిచి లోపలికి పంపింది ఎవరు? ఆ ఖానమ్ వేషం కట్టిన మనిషి పేరు అడిగితే సినిమా పిచ్చి ఉన్నోళ్ళు కూడా నెత్తి గోక్కుంటారు. తెలిసినోళ్ళు సైతం పేరు చెప్పరు. “షబానా ఆజ్మీ వాళ్ళ అమ్మ” అంటారు.

ఆ అమ్మకు ఒక పేరుంది. షౌకత్ కైఫీ. ఆమె మన హైదరాబాద్ ఆడబిడ్డ.

2019 నవంబర్ 22న ముంబైలో, తొంభై ఏళ్ళు దాటిన వయసులో ఆమె కన్నుమూసింది. మహాకవి కైఫీ ఆజ్మీ భార్య, మహానటి షబానా ఆజ్మీ తల్లి అన్నది ఆమెకు అందరూ ఇచ్చే పరిచయం. రెండు మాటలూ నిజమే. కానీ ఒక మనిషి బతుకంతా చేసిన పనికి పక్కింటి చిరునామా ఇచ్చినట్టుంటుంది ఆ పరిచయం. ఆమె నాటకమాడింది, సినిమాల్లో నటించింది, ఆ సంపాదనతో సంసారం ఈదింది, చివర్లో తన కథ తానే రాసుకుంది. ఇంత చేసినా ఆమెను ఆమె పేరుతో పిలవడానికి మనకు నోరు రాకపోతే లోపం ఆమెలో లేదు, మన లెక్కలో ఉంది. ఆ లెక్క సరిచేయాలన్నదే మా వాదన.

మొదట ఆమె ఎక్కడి నుంచి పోయిందో చూద్దాం. 1947 ఫిబ్రవరి. హైదరాబాద్‌లో అభ్యుదయ రచయితల సభలు, వాటితో పాటు ముషాయిరా. బొంబాయి నుంచి కైఫీ ఆజ్మీ, అలీ సర్దార్ జాఫ్రీ, మజ్రూహ్ సుల్తాన్‌పురి వచ్చారు. అప్పటికి నిజాం రాజ్యం నిజాం రాజ్యంగానే ఉన్నది. ఊళ్ళల్లో దొరల గడీల మీద రైతులు తిరగబడుతున్న కాలం. పట్నంలో మఖ్దూం మొహియుద్దీన్ కవిత్వమూ కార్మిక సంఘమూ ఒకే చేత్తో నడుపుతున్న కాలం. ఆ గాలి పర్దాల వెనక ఉన్న ఇళ్ళల్లోకి కూడా చొరబడింది. ఆడది మగవాడితో కలిసి నడవాలని కైఫీ చదివిన కవిత విని, ఆ కవితను నిజమని నమ్మిన అమ్మాయి షౌకత్. అప్పటికే కుదిరిన సంబంధాన్ని వద్దన్నది. పైసా ఆస్తి లేని కమ్యూనిస్టు కవిని చేసుకుంటానన్నది.

ఇక్కడ ఆమె తండ్రిని కూడా తలుచుకోవాలి. బిడ్డ మీద కేకలెయ్యలేదు, గదిలో పెట్టి గొళ్ళెం వెయ్యలేదు. ఆ కవి ఎట్లా బతుకుతున్నాడో కళ్ళారా చూసి నిర్ణయించుకోమని బొంబాయికి తీసుకుపోయాడు. ఆమె చూసింది. చూసీ ఒప్పుకున్నది. 1947 మే 23న సజ్జాద్ జహీర్ ఇంట్లో పెళ్ళి జరిగింది. నవలల్లో అయితే కథ ఇక్కడితో అయిపోతుంది. షౌకత్ పని ఇక్కడి నుంచే మొదలయింది.

పార్టీ కమ్యూన్‌లో కాపురం. కైఫీ సంపాదన ఇంటి కన్నా ముందు పార్టీకి పోయేది. కమ్యూనిస్టు భార్య ఊరికే కూర్చోకూడదు, పని చెయ్యాలని అప్పటి పార్టీ కార్యదర్శి పి.సి. జోషి ఆమెకు చెప్పాడు. ఆమె ఆ మాటను సీరియస్‌గానే తీసుకున్నది. 1943లో పుట్టిన ప్రజా నాట్యమండలి, అంటే ఇప్టా, అప్పటికి బొంబాయిలో మంచి ఊపు మీదున్నది. మతకల్లోలాల మీద ఇస్మత్ చుగ్తాయ్ రాసిన ‘ధానీ బాంకేఁ’ నాటకంతో షౌకత్ రంగస్థలం ఎక్కింది. దేశం రెండు ముక్కలై రక్తం ఇంకా ఆరకముందే, మతాల పేరిట నరుక్కోవద్దని చెప్పే నాటకంలో, మంచి కుటుంబంలో పుట్టిన ఒక ముస్లిం పిల్ల వేదిక మీద నిలబడటం ఎంత పెద్ద ముచ్చటో ఇప్పటి పిల్లలకు వెంటనే అర్థం కాకపోవచ్చు. ఆడవాళ్ళ గొంతు గుమ్మం దాటితేనే తప్పనుకునే రోజులవి.

మొదటి కొడుకు పసితనంలోనే పోయాడు. కైఫీ అజ్ఞాతంలో ఉండాల్సి వచ్చిన రోజుల్లో ఆమె పుట్టింటికి, హైదరాబాద్‌కే, తిరిగొచ్చింది. 1950 సెప్టెంబర్ 18న షబానా పుట్టింది ఇక్కడే. పృథ్వీరాజ్ కపూర్ 1944లో పెట్టిన పృథ్వీ థియేటర్‌లో షౌకత్ చేరినప్పుడు బిడ్డ వయసు కొన్ని నెలలే. ఆ బిడ్డను వీపుకు కట్టుకొని రిహార్సల్‌కు పోయేదట. ఈ మాట షబానా పలుమార్లు చెప్పింది. మన దగ్గర కూలికి పోయే తల్లులు బిడ్డను నడుముకు కట్టుకొని నాట్లేసినట్టే ఆమె బిడ్డను మోసుకొని నాటకం కూలికి పోయింది. పృథ్వీ థియేటర్ ఒక్క ఊరిలో ఆడే కంపెనీ కాదు. దేశమంతా తిరిగింది. రైలు ప్రయాణం, సామాన్లు, కొత్త ఊరు, కొత్త హాలు, మళ్ళీ రైలు. 1960లో ఆ కంపెనీ మూతపడే దాకా ఎందరో నటులకు అదే బడి.

ఆ బడిలో ఆమె నేర్చింది ఏమిటి? నటన అంటే మేకప్ వేసుకున్నాక మొదలయ్యేది కాదని నేర్చింది. ‘పగ్లీ’ నాటకం సాధన చేసే రోజుల్లో ఇంట్లో కూడా ఆ పాత్ర మాటలే మాట్లాడేదట. బట్టలు తెచ్చిన ధోబీతో పిచ్చిదానిలా మాట్లాడితే చిన్నపిల్ల షబానా భయపడి ఏడ్చిందట. ఇది నవ్వుకునే ముచ్చటే. కానీ ఒక గృహిణి అన్నం వండుతూ, పిల్లల బట్టలు సర్దుతూ, లెక్కలు చూసుకుంటూ పాత్రను కట్టుకున్న తీరు ఇందులో కనిపిస్తుంది. ఆమెకు నటన కోసం విడిగా గది లేదు, సమయం లేదు. ఇల్లే గ్రీన్‌రూం.

ఈ నేపథ్యం చెప్పింది ఊరికే కాదు. సినిమాల్లో ఆమె చేసిన పాత్రలకు ఇదే తాళంచెవి. ఆమె సినిమాలు ఎక్కువ లేవు. చేతన్ ఆనంద్ తీసిన ‘హకీకత్’ (1964), ‘హీర్ రాంఝా’ (1970) మొదలు ‘సాథియా’ (2002) దాకా వెతికితే ఒకటిన్నర డజను దాటవేమో. వాటిలో నాలుగు పాత్రలు చాలు, ఆమె ఏ పాటి నటి అన్నది తేల్చుకోవడానికి. ‘గర్మ్ హవా’లో జమీలా, ‘ఉమ్రావ్ జాన్’లో ఖానమ్, ‘బాజార్’లో హజ్జన్ బీ, ‘సలాం బాంబే’లో కంపెనీ నడిపే యజమానురాలు. నలుగురూ ఎవరికి వారే. కానీ నలుగురిదీ ఒకటే పని. మగవాళ్ళు బయట చరిత్ర రాస్తుంటే, బేరాలాడుతుంటే, ఇళ్ళు కూలుస్తుంటే, లోపల ఆ ఇంటిని నడపాల్సిన పని. ఇంటి తాళంచెవులు పెట్టుకొని తిరిగే ఆడవాళ్ళ పాత్రలు ఇవి.

‘గర్మ్ హవా’ను తీసుకోండి. ఎం.ఎస్. సత్యు మొదటి సినిమా. కథ ఇస్మత్ చుగ్తాయ్‌ది. స్క్రీన్‌ప్లే రాసింది కైఫీ, షమా జైదీ. మాటలు కైఫీవి. ప్రభుత్వ సంస్థ ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ ఇచ్చిన కొద్దిపాటి అప్పుతో ఆగ్రాలో తీశారు. దేశ విభజన తర్వాత పాకిస్తాన్‌కు పోవాలా, ఉండాలా అని తండ్లాడే సలీం మీర్జా కుటుంబం కథ. సలీం మీర్జాగా బల్‌రాజ్ సాహ్ని. సినిమా విడుదల కాకముందే 1973 ఏప్రిల్ 13న ఆయన చనిపోయాడు. కల్లోలాలు చెలరేగుతాయన్న భయంతో సెన్సార్ వాళ్ళు నెలల తరబడి సినిమాను ఆపి పెట్టారు. చివరికి జాతీయ సమైక్యత మీద ఉత్తమ చిత్రంగా అదే సర్కారు అవార్డు ఇచ్చింది.

ఆ సినిమాలో సలీం భార్య జమీలా షౌకత్. సలీం మంచివాడు, ఓపికమంతుడు, దేవుడి మీద భారం వేసేవాడు. ప్రేక్షకులు ఆయనను ప్రేమిస్తారు. మరి ఆ మంచితనానికి అయ్యే ఖర్చు ఎవరు భరిస్తారు? జమీలా. హవేలీ పోతే అద్దె ఇంట్లో సామాన్లు సర్దేది ఆమె. పెద్ద కొడుకు సరిహద్దు దాటితే మనుమడి కోసం కళ్ళనీళ్ళు పెట్టుకునేది ఆమె. బిడ్డ ఆమినా పెళ్ళి ఒకసారి తప్పి, రెండోసారి కూడా తప్పి, ఆ బిడ్డే లేకుండా పోతే మిగిలిన బట్టలను చూసుకోవాల్సింది ఆమె. మామూలు సినిమాలో అయితే ఈ పాత్ర కొంగు నోట్లో పెట్టుకొని ఏడ్చే అమ్మ. షౌకత్ చేతిలో అట్లా కాదు. ఆమెకు చిరాకు ఉంటుంది, సాధింపు ఉంటుంది, ఎప్పుడు వెళ్ళిపోదామా అన్న తొందర ఉంటుంది. భర్త ఆదర్శానికి దండం పెట్టే భార్యగా ఆమె కనిపించదు. పిల్లలు గల మనిషిగా కనిపిస్తుంది.

ముగింపు గుర్తుందా? పాకిస్తాన్ పోవడానికి టాంగా ఎక్కుతారు. దారిలో ఉద్యోగాల కోసం, బతుకు కోసం జెండాలతో పోతున్న ఊరేగింపు అడ్డొస్తుంది. చిన్న కొడుకు సికందర్, ఆ పాత్రలో ఫారూఖ్ షేక్, దూకి అందులో కలుస్తాడు. తర్వాత సలీం కూడా దిగుతాడు. తాళంచెవులు భార్య చేతిలో పెట్టి ఇంటికి పొమ్మని పంపిస్తాడు. అందరూ ఆ ఊరేగింపు గురించే మాట్లాడుతారు. మేము ఆ టాంగా గురించి మాట్లాడుతున్నాం. మగవాళ్ళిద్దరూ జనంలో కలిశాక, ఆ తాళం తీసి, కట్టిన మూటలు విప్పి, పొయ్యి వెలిగించాల్సింది జమీలానే కదా. ఉద్యమాలు చూసినవాళ్ళం మనం. 1969లో, 2009లో రోడ్డెక్కిన ప్రతి పిల్లవాడి వెనక ఇంట్లో తాళంచెవులు పట్టుకొని ఎదురుచూసిన ఒక తల్లి ఉంది. ఆమె పేరు ఏ స్తూపం మీదా ఉండదు. జమీలా మనకు తెలియని మనిషేం కాదు.

తర్వాత 1981లో ‘ఉమ్రావ్ జాన్’. మీర్జా హాదీ రుస్వా నవల. వేశ్యావాటిక యజమానురాలు అనగానే మన సినిమాల్లో ఒక మూస ఉంది. బుగ్గలో పాన్, కళ్ళలో కపటం, చేతిలో కొరడా ఒక్కటే తక్కువ. షౌకత్ ఆ మూసను తాకనైనా తాకలేదు. ఆమె ఖానమ్ ఒక పెద్ద కార్ఖానా నడిపే మనిషి. పిల్ల విలువ తెలుసు, పాట విలువ తెలుసు, నవాబు జేబు లోతు తెలుసు. ప్రేమగా మాట్లాడినప్పుడు ఆ ప్రేమ అబద్ధం కాదు. బేరం ఆడినప్పుడు ఆ బేరమూ అబద్ధం కాదు. ఈ రెండూ ఒక్క మనిషిలో ఎట్లా ఇముడుతాయో చూపించింది కాబట్టే ఉమ్రావ్ దుఃఖం మనకు తగులుతుంది. ఎదురుగా నిజమైన గోడ ఉంటేనే కదా తల కొట్టుకుంటే నెత్తురొచ్చేది. రేఖకు ఆ సినిమా జాతీయ అవార్డు తెచ్చింది, న్యాయంగానే తెచ్చింది. ఆ గోడ కట్టిన చేతులు ఎవరివో కూడా చెప్పుకోవాలి అంటున్నాం.

ఏడేళ్ళ తర్వాత మీరా నాయర్ ‘సలాం బాంబే’. 1988లో కాన్ ఉత్సవంలో కెమెరా డోర్ బహుమతి, ఆ తర్వాత ఆస్కార్ నామినేషన్. బొంబాయి వీధి పిల్లలే నటులు. అందులో ఒక నేపాలీ పిల్లను అమ్మకానికి తెస్తారు. ఆ ఇంటిని నడిపే ఆమె పాత్ర షౌకత్‌ది. ఖానమ్‌కు ఉన్న పట్టు దిండ్లు, అత్తరు వాసన ఇక్కడ లేవు. మురికి గల్లీ, ఇరుకు మెట్లు. అదే వ్యాపారం, వందేళ్ళ తర్వాత, రంగు వెలిసిపోయి. ఏడుస్తున్న పిల్లను బుజ్జగించడంలో ఎంత తల్లితనం ఉందో అంత లెక్క ఉంది. చూసేవాళ్ళకు ఆ మెత్తని మాటే ఒళ్ళు జలదరింపజేస్తుంది.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగి ఆలోచించండి. పరువుగల కుటుంబంలో పుట్టింది. దేశమంతా గౌరవించే కవి భార్య. బిడ్డ అప్పటికే పేరున్న హీరోయిన్. వయసు యాభై, అరవై దాటింది. అట్లాంటి ఆమె రెండుసార్లు కోఠా యజమానురాలి వేషం కట్టింది. జనం ఏమనుకుంటారో అని వెనకాడలేదు. ఆ పాత్రలను కడిగి, పవిత్రం చేసి, చివర్లో కన్నీళ్ళు పెట్టించి మంచివాళ్ళను చెయ్యనూ లేదు. వాళ్ళకు పని ఇచ్చింది. వాళ్ళు ఏ పని చేస్తూ, ఏ లెక్క మీద బతుకుతున్నారో చూపించింది. గౌరవం అంటే మంచిదని ముద్ర వెయ్యడం కాదు, ఉన్నది ఉన్నట్టు చూడటమని తెలిసిన నటి మాత్రమే ఆ పని చెయ్యగలదు.

ఇక మనకు అన్నిటికంటే దగ్గరి సినిమా ‘బాజార్’. 1982లో సాగర్ సర్హదీ తీసిన ఈ సినిమా మన హైదరాబాద్ గాయం. గల్ఫ్ పైసలతో వచ్చిన మగవాళ్ళకు పేదింటి ఆడపిల్లలను పెళ్ళి పేరుతో అమ్మే కథ. స్మితా పాటిల్, నసీరుద్దీన్ షా, ఫారూఖ్ షేక్, సుప్రియా పాఠక్. అందులో హజ్జన్ బీ షౌకత్. ఆ సినిమా వచ్చిన తొమ్మిదేళ్ళకు, 1991లో, హైదరాబాద్‌కు చెందిన పదేళ్ళ పిల్లను అరవై ఏళ్ళ సౌదీ ముసలాయన పెళ్ళి పేరిట తీసుకుపోతుంటే విమానంలోనే ఒక ఎయిర్‌హోస్టెస్ గుర్తించి ఆపింది. దేశం అప్పుడు ఉలిక్కిపడింది. ‘బాజార్’ చూసినవాళ్ళు ఉలిక్కిపడే పని లేదు. సినిమా ముందే చెప్పింది.

ఆ సినిమాలో మఖ్దూం గజల్ ఉంది. లతా మంగేష్కర్‌తో కలిసి దాన్ని పాడిన తలత్ అజీజ్ హైదరాబాద్ వాడు. మెదక్ జిల్లాలో పుట్టిన కవి మాట, హైదరాబాద్ గొంతు, హైదరాబాద్ ఆడబిడ్డ నటన, హైదరాబాద్ పేదింటి కన్నీళ్ళు. ఇంత తెలంగాణ ఒక హిందీ సినిమాలో ఒక్కచోట కూడటం అరుదు. అయినా మన సాంస్కృతిక చరిత్ర రాసుకునేటప్పుడు ‘బాజార్’ పేరు మన కలం కింద ఎన్నిసార్లు పడింది?

ఇంకో ముచ్చట కూడా ఉంది. మన యాస ముచ్చట. హిందీ సినిమాకు హైదరాబాదీ మాట అంటే నవ్వులాట. 1965లో ‘గుమ్‌నామ్’లో మెహమూద్ హైదరాబాదీ యాసతో దేశాన్ని నవ్వించాడు. నవ్వించడం తప్పు కాదు. కానీ ఆ తర్వాత ఆ యాస నవ్వుకే పరిమితమయింది. తెలుగు సినిమా మనకు చేసింది ఇంతకన్నా ఘోరం. హీరోకు ఒక భాష, రౌడీకి, పనోడికి, జోకర్‌కు తెలంగాణ యాస. ఈ అవమానం మీద ఎన్ని వ్యాసాలు రాసుకున్నాం, ఎన్ని సభల్లో మాట్లాడుకున్నాం! అదే సమయంలో దక్కనీ మాటతో కన్నీళ్ళు తెప్పించవచ్చని చూపించిన సినిమాలు ఉన్నాయి. 1974లో మన శ్యాం బెనెగల్ తీసిన ‘అంకుర్’లో తెలంగాణ పల్లె పనిమనిషి లక్ష్మిగా షబానా మాట్లాడిన మాట దక్కనీయే. మొదటి సినిమాతోనే జాతీయ అవార్డు తెచ్చిన ఆ అమ్మాయికి మాట నేర్పిన తల్లి ఏ ఊరి మనిషో మనం మర్చిపోకూడదు.

మరి ఇంత చేసిన నటికి అవార్డులేవి అని ఎవరైనా అడగవచ్చు. మంచి ప్రశ్న. జాతీయ చలనచిత్ర అవార్డుల్లో ఉత్తమ సహాయ నటి అనే విభాగం మొదలయిందే 1984 సినిమాలతో. అంటే ‘గర్మ్ హవా’ వచ్చినప్పుడు, ‘ఉమ్రావ్ జాన్’ వచ్చినప్పుడు, ‘బాజార్’ వచ్చినప్పుడు కూడా షౌకత్ చేసిన పనిని రాసుకోవడానికి సర్కారు పుస్తకంలో గడే లేదు. గడి లేనిచోట మార్కులు ఎట్లా పడతాయి? ఆఫీసుల్లో పనిచేసే మిత్రులకు ఈ సంగతి విడమర్చి చెప్పనక్కర్లేదు. ఫైలు నడిపేది ఒకరు, సంతకం ఇంకొకరిది, పేరు మూడోవారిది. సినిమా కూడా ఒక ఆఫీసే.

మా వాదనకు ఎదురుమాటలు రెండు ఉన్నాయి. దాచిపెట్టకుండా వాటికీ జవాబు చెప్తాం. మొదటిది: ఆమెకు వేషాలు వచ్చింది భర్త, బిడ్డ పలుకుబడితోనే కదా? ‘గర్మ్ హవా’ మాటలు కైఫీవి, ‘లోరీ’, ‘అంజుమన్’ సినిమాల్లో షబానా ఉంది, నిజమే. తలుపు తీసినవాళ్ళు ఇంటివాళ్ళే కావచ్చు. లోపలికి పోయి నిలబడింది మాత్రం ఆమె. పలుకుబడితో వేషం దొరుకుతుంది, ఖానమ్ దొరకదు. పైగా ఏళ్ళ తరబడి నాటకాల మీద వచ్చిన ఆమె సంపాదనే ఆ ఇంటికి ఆసరా. ఎవరి పలుకుబడి మీద ఎవరు నిలబడ్డారో అప్పుడు లెక్కేద్దాం.

రెండోది: బొంబాయిలో బతికి బొంబాయిలో పోయిన ఉర్దూ మనిషి తెలంగాణ మనిషి ఎట్లా అవుతుంది? ఈ ప్రశ్నే తప్పు. కరీంనగర్‌లో పుట్టిన పైడి జైరాజ్ మూకీల కాలంలోనే బొంబాయి పోయి హీరో అయ్యాడు, 1980 సంవత్సరానికి ఫాల్కే అవార్డు అందుకున్నాడు. గోల్కొండలో పుట్టిన హమీద్ అలీఖాన్ అక్కడ అజిత్ అయ్యాడు. వాళ్ళను మనవాళ్ళని చెప్పుకుంటున్నాం. బతుకుదెరువు కోసం బొంబాయి బస్సెక్కిన పాలమూరు కూలీని మనవాడు కాదంటామా? ఉర్దూ మాట్లాడినంత మాత్రాన పరాయివాళ్ళు అయ్యేటట్టయితే మఖ్దూం ఎవరి మనిషి? తెలంగాణ అంటే ఒక్క భాష, ఒక్క మతం, ఒక్క కులం కాదని గంగా జమునా తహజీబ్ గురించి వేదికల మీద గొంతు చించుకున్నది మనమే. ఆ మాట నిజమైతే షౌకత్ కైఫీ మన మనిషి. కాకపోతే ఆ మాట వేదిక అలంకారమే.

ఇందులో ఇంకో చేదు నిజం ఉంది. జైరాజ్ పేరు మీద రవీంద్రభారతిలో ప్రివ్యూ థియేటర్ ఉంది. మంచి పని. మఖ్దూం పేరు మీద భవన్ ఉంది. అదీ మంచి పనే. మరి ఆడవాళ్ళ పేర్లేవి? ఉద్యమంలో బతుకమ్మ ఎత్తమంటే ముందు వరుసలో వాళ్ళు. చరిత్ర రాసేటప్పుడు, గోడల మీద పేర్లు చెక్కేటప్పుడు వెనక వరుసలో వాళ్ళు. అంటే మనం కూడా వాళ్ళకు సహాయ పాత్రలే ఇచ్చాం. బొంబాయి సినిమాను తిట్టే ముందు ఈ సంగతి కూడా ఒప్పుకోవాలి.

2002 మే 10న కైఫీ పోయాడు. అదే ఏడాది చివర్లో షాద్ అలీ తీసిన ‘సాథియా’ వచ్చింది. ముజఫ్ఫర్ అలీ కొడుకే ఈ షాద్ అలీ. తండ్రి సినిమాలో ఖానమ్ అయిన షౌకత్ కొడుకు సినిమాలో ఇంటి పెద్దావిడ అయింది. ఆ తర్వాత ఆమె ఉర్దూలో తన జ్ఞాపకాలు రాసింది. పేరు ‘యాద్ కీ రహ్‌గుజర్’. 2010లో అది ‘కైఫీ అండ్ ఐ’ పేరుతో ఇంగ్లీషులోకి వచ్చింది. ఆ జ్ఞాపకాల మీదే ఆధారపడి షబానా, జావేద్ అఖ్తర్ ‘కైఫీ ఔర్ మైఁ’ నాటకం దేశవిదేశాల్లో ప్రదర్శించారు. కైఫీ ఇంట్లో ఎట్లా బతికాడు, పేదరికంలో ఎట్లా నవ్వాడు, కామ్రేడ్ల మధ్య ఎట్లా మెలిగాడు అన్నది లోకానికి ఇంత దగ్గరగా తెలిసింది ఆమె కలం వల్లనే. చూడండి విచిత్రం. కవి కథ కూడా ఆమె దగ్గరున్న తాళంచెవితోనే తెరుచుకున్నది. అయినా పుస్తకం పేరులో కైఫీ ముందు, ఆమె వెనక.

మరి ఏం చెయ్యాలి? 2014లో రాష్ట్రం వచ్చింది. విగ్రహాలకు, కమాన్‌లకు కొదవ లేదు. షౌకత్ కైఫీకి విగ్రహం కావాలని మేము అడగడం లేదు. ఆమె విగ్రహాల మనిషి కాదు, రిహార్సల్స్ మనిషి. యూనివర్సిటీల రంగస్థల శాఖల్లో ఖానమ్‌ను, జమీలాను పాఠంగా పెట్టండి. ఒక సన్నివేశంలో ప్రధాన పాత్ర కాకుండా ఆ సన్నివేశాన్ని ఎట్లా మోయాలో పిల్లలు చూసి నేర్చుకుంటారు. హైదరాబాద్‌లో నాటకాలాడే ఒక హాలుకు, కనీసం ఒక రిహార్సల్ గదికి, ఆమె పేరు పెట్టండి. ఆ గదిలో పసిబిడ్డ తల్లి వచ్చి సాధన చేసుకునే వీలు ఉండాలి, ఒక మూలన ఉయ్యాల ఉండాలి. ఆమెకు అంతకన్నా గొప్ప స్మారకం ఉండదు. కాలేజీ పిల్లలు, ఉద్యోగ సంఘాల మిత్రులు పైసా ఖర్చు లేని పని ఒకటి చెయ్యవచ్చు. ఒక ఆదివారం ‘బాజార్’ పెట్టుకొని నలుగురు కలిసి చూడండి. పాతబస్తీ మిత్రులను పిలవండి. సినిమా అయ్యాక ఆ పెళ్ళిళ్ళు పూర్తిగా ఆగాయా అని వాళ్ళనే అడగండి.

సినిమా చూసేటప్పుడు ఈసారి హీరోయిన్ వెనక నిలబడ్డ మనిషి మీద కూడా ఒక కన్నేయండి. ఆమె ఏమీ మాట్లాడనప్పుడు కూడా ఏం చేస్తున్నదో చూడండి. వింటున్నదా, లెక్కేస్తున్నదా, భయపడుతున్నదా, తలుపు వైపు చూస్తున్నదా. మంచి నటి అయితే ఆ ఇల్లు ఎవరిదో, అందులో పొయ్యి వెలిగిందో లేదో మీకు ఆమె ముఖంలోనే తెలిసిపోతుంది. తెర మీద పేర్లు పడేటప్పుడు లేచిపోకండి. రెండో వరుసలోనో మూడో వరుసలోనో ఒక హైదరాబాద్ పేరు కనిపిస్తుంది. దాన్ని పైకి చదవండి.